సిమ్స్ 4లో మన బొట్టు, మన కాటుక: కస్టమ్ మేకప్ గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

సిమ్స్ 4 అంటే సిమ్‌లు అనే బొమ్మ మనుషులను తయారు చేసి, వాళ్ల జీవితాన్ని నడిపించే కంప్యూటర్ గేమ్. ఎండాకాలం సెలవులు వచ్చినా, ఆ గేమ్‌కి అప్‌డేట్ వచ్చినా ఆడేవాళ్ల నుంచి నాకు ఇవే సందేహాలు మళ్లీ మళ్లీ వస్తుంటాయి. కడప నుంచి ఒక చెల్లెలు, కర్నూలు నుంచి ఇంకొకరు, మా అనంతపురంలోనే పక్క వీధి నుంచి మరొకరు. ఒక్కొక్కరికీ విడిగా రాస్తున్న జవాబులన్నీ ఇప్పుడు ఒకచోట పెట్టాను. మీకు కావాల్సిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లండి, మిగతావి చదవకపోయినా ఆ జవాబు అర్థమవుతుంది. ప్రశ్నలు మీరు అడిగిన మాటల్లోనే ఉంచాను.

## మొదలుపెట్టక ముందు

సీసీ మేకప్ అంటే ఏమి? అది మోడ్ కిందికి వస్తుందా?

సీసీ అంటే కస్టమ్ కంటెంట్. గేమ్ చేసినవాళ్లు ఇవ్వని వస్తువును ఆడేవాళ్లే తయారు చేసి చేర్చుకోవడం. మోడ్ గేమ్ నడిచే తీరును మారుస్తుంది. మేకప్ సీసీ అలాంటిదేమీ చేయదు. ముఖం మీద పరిచే ఒక బొమ్మ, ఆ బొమ్మ లిప్‌స్టిక్కా, కాటుకా, బుగ్గల రంగా అని చెప్పే కొద్దిపాటి సమాచారం, అంతే. అందుకే సీసీలన్నిటిలో మొదలుపెట్టడానికి మేకప్పే సులువు. గేమ్‌లో రెండింటినీ ఒకే ఫోల్డర్‌లో పెట్టాలి కాబట్టి చాలామంది అన్నిటినీ మోడ్స్ అనే పిలుస్తారు.

ఫోన్‌లో ఆడతా. ప్లేస్టేషన్ కూడా ఉంది. వాటిలో పనిచేస్తుందా?

పనిచేయదు. సీసీ వేసుకునే వీలు విండోస్ కంప్యూటర్‌లో, మ్యాక్‌లో మాత్రమే ఉంది. ప్లేస్టేషన్‌లో గానీ ఎక్స్‌బాక్స్‌లో గానీ మోడ్స్ ఫోల్డర్‌ను తెరిచే దారే లేదు. సిమ్స్ 4కి ఫోన్ వెర్షన్ అసలు లేదు. ఫోన్‌లో సిమ్స్ 4 అని ఎవరైనా ఫైల్ పంపితే దాన్ని ఇన్‌స్టాల్ చేయకండి.

గేమ్ కొనల్లా? ప్యాకులు లేకపోతే కుదరదా?

అసలు గేమ్ 2014లో వచ్చింది. 2022 అక్టోబర్ 18 నుంచి బేస్ గేమ్, అంటే విడిగా కొనే అదనపు ప్యాకులు లేని అసలు ఆట, ఉచితం. గేమ్ కంపెనీ ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ (ఈఏ) యాప్‌లోనో, గేమ్‌లు దొరికే స్టీమ్‌లోనో ఖాతా తెరిచి దించుకోవచ్చు. మేకప్ సీసీలో ఎక్కువ భాగానికి బేస్ గేమ్ చాలు. ముంబై వీధుల ఫ్యాషన్‌ను తలచుకుని చేసిన ఫ్యాషన్ స్ట్రీట్ కిట్ 2021లో వచ్చింది. బట్టల కోసం దాన్ని కొనుక్కున్నా సరే, బొట్టు కోసం మాత్రం డబ్బు పెట్టాల్సిన పనిలేదు.

నా లాప్‌టాప్ చిన్నది. మేకప్ వేస్తే గేమ్ నిలబడిపోతుందా?

పదో ఇరవయ్యో మేకప్ ఫైళ్లతో తేడా తెలియదు. వందలు దాటినప్పుడు గేమ్ తెరుచుకోవడం నెమ్మదిస్తుంది. ఒక ఫైల్‌లో ఉన్న ఒక్కో రంగుకీ ఒక్కో బొమ్మ ఉంటుంది కాబట్టి అరవై రంగుల లిప్‌స్టిక్ కంటే పది రంగులది తేలిక. మీరు నిజంగా వాడే రంగులు పదికి మించవు. ఎండాకాలం కరెంటు కోతల్లో బ్యాటరీ మీద ఆడేవాళ్లు ఈ సంగతి గుర్తుంచుకోండి.

వైరస్ వస్తుందని మా అన్న వద్దంటున్నాడు. నిజమేనా?

మీ అన్న భయానికి కారణం ఉంది. 2024 మార్చిలో కొన్ని సిమ్స్ 4 స్క్రిప్ట్ మోడ్లలో పాస్‌వర్డ్‌లు దొంగిలించే కోడ్ బయటపడింది. ఆ హాని స్క్రిప్ట్ ఫైళ్ల నుంచి వచ్చింది. మేకప్‌కి స్క్రిప్ట్ అవసరమే లేదు, దాని ఫైల్ చివర డాట్ ప్యాకేజ్ అని ఉంటుంది. మేకప్ అని దించుకున్నదాంట్లో డాట్ ఈఎక్స్‌ఈ గానీ డాట్ టీఎస్4స్క్రిప్ట్ గానీ కనబడితే తెరవకుండా తీసేయండి. ఈఏ తనతో కలుపుకున్న కర్స్‌ఫోర్జ్ అనే వెబ్‌సైట్ నుంచి గానీ, ఆ మేకప్ చేసినవాళ్ల సొంత పేజీ నుంచి గానీ దించుకోండి. ఎవరో మళ్లీ ఎక్కించిన మూటలు వద్దు.

## దించుకోవడం, పెట్టడం

ఫైలు యాడ పెట్టల్ల?

డాక్యుమెంట్స్‌లోకి వెళ్లండి. అందులో ఎలక్ట్రానిక్ ఆర్ట్స్, దానిలో ద సిమ్స్ 4, దానిలో మోడ్స్. ప్యాకేజ్ ఫైల్‌ను ఆ మోడ్స్ ఫోల్డర్‌లో పెట్టాలి. గేమ్‌ను ఒక్కసారైనా తెరవకపోతే ఈ ఫోల్డర్లు కనిపించవు, అవి మొదటిసారి తెరిచినప్పుడే ఏర్పడతాయి. మోడ్స్‌లో రిసోర్స్ డాట్ సీఎఫ్‌జీ అనే చిన్న ఫైల్ ఉంటుంది, దాన్ని కదపకండి. ఏ ఫోల్డర్లు చదవాలో గేమ్‌కి చెప్పేది అదే. పొరపాటున తీసేసినా, గేమ్ మళ్లీ తెరిస్తే తిరిగి వస్తుంది.

కొన్ని కంప్యూటర్లలో డాక్యుమెంట్స్ రెండు ఉంటాయి, ఒకటి మామూలుది, ఇంకొకటి వన్‌డ్రైవ్‌లోది. కర్నూలు నుంచి ఒక చెల్లెలు మూడు రోజులు తప్పుడు డాక్యుమెంట్స్‌లోనే ఫైళ్లు పెట్టింది. ఏది అసలుదో తెలియాలంటే గేమ్‌లో ఒక ఫోటో తీసి, అది ఏ ద సిమ్స్ 4 ఫోల్డర్‌లోని స్క్రీన్‌షాట్స్‌లో పడిందో చూడండి. గేమ్ వాడుతున్నది ఆ ఫోల్డర్‌నే.

జిప్ ఫైల్ అట్లే పెట్టేస్తే చాలదా?

చాలదు. జిప్, రార్, సెవెన్ జెడ్ మూటలను గేమ్ చదవలేదు. ఉచితంగా దొరికే సెవెన్ జిప్‌తో విప్పి, లోపలి ప్యాకేజ్ ఫైళ్లనే మోడ్స్‌లో పెట్టండి.

అన్నీ సరిగ్గానే పెట్టినా, అయినా గేమ్‌లో రాల్యా. ఏం చేయల్ల?

నూటికి తొంభై మార్లు కారణం సెట్టింగే. గేమ్ ఆప్షన్స్ తెరిచి అదర్ అనే విభాగంలో ఎనేబుల్ కస్టమ్ కంటెంట్ అండ్ మోడ్స్ దగ్గర టిక్ పెట్టండి. అప్లై చేంజెస్ నొక్కండి. తర్వాత గేమ్‌ను పూర్తిగా మూసి మళ్లీ తెరవాలి. చాలామంది టిక్ పెట్టి, మూయకుండానే వెతుకుతారు. స్క్రిప్ట్ మోడ్స్ అన్న రెండో టిక్ మేకప్‌కి అవసరం లేదు, దాన్ని ఖాళీగానే ఉంచండి.

టిక్ ఉన్నా రాకపోతే, మీ సిమ్ వయసు చూడండి. పెద్దవాళ్లకని చేసిన లిప్‌స్టిక్ చిన్నపిల్లల దగ్గర కనిపించదు. ఆడవాళ్లకని చేసింది మగవాళ్ల దగ్గర కనిపించకపోవచ్చు.

మోడ్స్‌లో ఫోల్డర్లు చేసుకోవచ్చా?

చేసుకోండి. ప్యాకేజ్ ఫైళ్లను ఐదు ఫోల్డర్ల లోతు వరకు గేమ్ చదువుతుంది. నా దగ్గర బొట్టు, కాటుక, పెదవులు, పెళ్లి అని నాలుగున్నాయి. వాటి పేర్లు ఇంగ్లీషు అక్షరాల్లోనే పెట్టుకున్నాను, పనిముట్లన్నిటితో ఇబ్బంది లేకుండా ఉంటుంది. ఒకే ఫైల్ రెండు చోట్ల పడకుండా చూసుకోండి.

## గేమ్‌లో వెతకడం, వాడటం

క్యాస్‌లో బొట్టు ఎక్కడుందో దొరకడంలేదక్కా.

క్యాస్ అంటే క్రియేట్ ఎ సిమ్, సిమ్ ముఖమూ బట్టలూ మార్చే తెర. అందులో బొట్టుకంటూ ప్రత్యేక విభాగం లేదు. అందుకే చేసినవాళ్లు తమకు తోచిన చోట పెడతారు. మొదట ఫేస్ పెయింట్‌లో చూడండి. తర్వాత స్కిన్ డీటెయిల్స్‌లో మచ్చలు, పుట్టుమచ్చల కింద. కొన్ని రాళ్ల బిందీలు ఆభరణాల్లో ఉంటాయి. వెతకడం సులువయ్యేందుకు ఫిల్టర్లలో కస్టమ్ కంటెంట్ ఎంచుకోండి, సీసీ మాత్రమే మిగులుతుంది. సీసీ వస్తువుల మీద చిన్న పానా గుర్తు కూడా ఉంటుంది.

బొట్టు పెడితే విభూతి పోతోంది, విభూతి పెడితే బొట్టు పోతోంది. రెండూ ఎట్లా?

రెండింటినీ చేసినవాళ్లు ఒకే గదిలో పెట్టారన్నమాట. ఒక్కో విభాగంలో సిమ్ ఒక్క వస్తువే ధరించగలదు. ఫేస్ పెయింట్‌లో విభూతి ఉంటే, ఇంకో ఫేస్ పెయింట్ పెట్టగానే మొదటిది పోతుంది. కాబట్టి విభూతి ఫేస్ పెయింట్‌లో ఉన్నప్పుడు, స్కిన్ డీటెయిల్స్‌లో ఉండే బొట్టును వెతుక్కోండి. మంచి తయారీదారులు ఒకే బొట్టును రెండు మూడు విభాగాల్లో వేర్వేరు ఫైళ్లుగా ఇస్తారు. వాటిలో మీకు ఖాళీ ఉన్న విభాగానిదే దించుకుంటే సరిపోతుంది.

చీరకు పెట్టిన బొట్టు రాత్రి బట్టలు మార్చగానే మాయమవుతోంది.

మేకప్ ఒక్కో దుస్తుల జతకు విడిగా ఉంటుంది. మామూలు బట్టలకు పెట్టిన కాటుక నిద్ర బట్టలకు రాదు, ప్రతి జతకూ మళ్లీ పెట్టాలి. స్కిన్ డీటెయిల్స్‌లో ఉన్నది మాత్రం మనిషి ఒంటికి సంబంధించినదిగా గేమ్ తీసుకుంటుంది, అన్ని జతల్లోనూ ఉంటుంది.

ఏది మేలని అడిగితే, మా అవ్వ లాంటి సిమ్‌కి స్కిన్ డీటెయిల్ బొట్టు పెడతాను. ఆమె నుదురు బొట్టు లేకుండా నేను చూసింది తలస్నానం చేసి వచ్చిన ఐదు నిమిషాలే. కాలేజీ అమ్మాయి సిమ్‌కి ఫేస్ పెయింట్‌లోని స్టిక్కర్ బొట్టు పెడతాను, డ్రెస్‌ను బట్టి మారుతుంది కాబట్టి.

పసిపిల్లలకు దిష్టిచుక్క పెట్టొచ్చా?

పెట్టొచ్చు. ఆ ఫైల్ చేసేటప్పుడు ఇన్‌ఫెంట్ (చంటిబిడ్డ), టాడ్లర్ (నడక నేర్చే బిడ్డ) వయసులకు టిక్ పెట్టి ఉండాలి, అంతే. ఇన్‌ఫెంట్ దశ గేమ్‌లోకి 2023 మార్చిలో వచ్చింది. అంతకుముందు చేసిన ఫైళ్లకు ఆ టిక్ ఉండదు. గేమ్‌లో ముఖం రెండు చెంపలకూ వేర్వేరు చోటు ఉంది కాబట్టి చుక్క ఒక చెంప మీదే నిలుస్తుంది, రెండో చెంపకు అద్దంలో బొమ్మలా రాదు. అరికాలి చుక్క కూడా అడిగారు ఒకరు. దాన్ని పచ్చబొట్ల విభాగంలో చేయాల్సి ఉంటుంది.

## మన ముఖాలకు నప్పేలా

మన రంగు మీద లిప్‌స్టిక్ బూడిద పూసినట్టు ఎందుకుంటుంది?

నన్ను ఈ పనిలోకి దింపింది ఈ ప్రశ్నే, అందుకే కాస్త వివరంగా చెబుతాను.

మేకప్ బొమ్మ సగం పారదర్శకంగా ఉంటుంది. గేమ్ దాన్ని చర్మం రంగుతో కలుపుతుంది. ఒక లెక్క చూడండి. మన వైపు కనిపించే ఒక గోధుమ చర్మం రంగు ఎరుపు 110, పచ్చ 72, నీలం 50 అనుకుందాం. దాని మీద లేత గులాబీ, అంటే 240, 190, 200, నలభై శాతం గాఢతతో పూస్తే వచ్చేది 162, 119, 110. మూడు అంకెలూ దగ్గరపడ్డాయి. అంకెలు దగ్గరపడితే రంగు చచ్చి బూడిద వైపు పోతుంది. అదే చర్మం మీద ముదురు కుంకుమ ఎరుపు, 150, 40, 50, అంతే గాఢతతో పూస్తే 126, 59, 50 వస్తుంది. ఎరుపు ఎరుపుగానే నిలిచింది.

అంటే తప్పు మన సిమ్ రంగుది కాదు, తెల్లని చర్మం మీద మాత్రమే పరీక్షించి వదిలిన మేకప్‌ది. ఈ మాట నేను గట్టిగానే చెబుతాను, ఎందుకంటే అడిగిన పిల్లల్లో సగం మంది చర్మం రంగు తెలుపు చేసుకుని సర్దుకుపోతున్నారు. సర్దుకోకండి. ముదురు, వెచ్చని రంగులున్న మేకప్ వెతకండి. ఇటుక, దానిమ్మ, నేరేడు, వక్కరంగు ఇవన్నీ మనకు నిలుస్తాయి. దించుకునే ముందు చూపించిన ఫోటోల్లో ఒక్క ముదురు ముఖమైనా లేకపోతే ఆ ఫైల్ మీద ఆశ పెట్టుకోవద్దు.

గేమ్‌లోనే మేకప్ రంగు మార్చే స్లైడర్లున్నాయి కదా, అవి చాలవా?

2020 డిసెంబర్ అప్‌డేట్‌లో వందకు పైగా కొత్త చర్మం రంగులూ, చర్మానికీ మేకప్‌కీ స్లైడర్లూ వచ్చాయి. రంగు, చిక్కదనం, వెలుగు, పారదర్శకత జరుపుకోవచ్చు. మన రంగులు అసలు కుదిరింది ఆ అప్‌డేట్‌తోనే. గేమ్ సొంత లిప్‌స్టిక్‌లకు అవి బాగా పనికొస్తాయి. సీసీలో కొన్నిటికి మాత్రం ఆ స్లైడర్లు కనిపించవు, ముఖ్యంగా ఆ అప్‌డేట్‌కు ముందు చేసినవాటికి. ఇక స్లైడర్ ఆకారాన్ని మార్చలేదు. గుండ్రటి బొట్టును తిలకంలా చేయాలంటే కొత్త బొమ్మే కావాలి.

దగ్గరగా చూస్తే కాటుక గళ్లు గళ్లుగా కనిపిస్తోంది.

గ్రాఫిక్స్ సెట్టింగుల్లో అన్‌కంప్రెస్డ్ సిమ్ టెక్స్‌చర్స్ అనే టిక్ ఉంటుంది. దాన్ని పెట్టి గేమ్ మళ్లీ తెరవండి. సన్నని గీతలు, విభూతి రేఖలు వెంటనే తేరుకుంటాయి. గ్రాఫిక్స్ మెమరీ ఎక్కువ తీసుకుంటుంది కాబట్టి చాలా తక్కువ మెమరీ ఉన్న లాప్‌టాప్‌లో ఫోటోలు తీసేటప్పుడు మాత్రమే వాడండి.

## సొంతంగా తయారు చేయడం

బొట్టు నేనే చేయాలంటే ఏమేమి కావాలి?

సిమ్స్ 4 స్టూడియో అనే ఉచిత సాఫ్ట్‌వేర్ ఒకటి, బొమ్మలు గీసేది ఒకటి. గీయడానికి గింప్ లేదా క్రిటా చాలు, రెండూ ఉచితం. త్రీడీ ఆకారాలు చేసే బ్లెండర్ అవసరం లేదు, మేకప్ చదునైన బొమ్మే కాబట్టి. గీసే టాబ్లెట్ ఉంటే మంచిదే గానీ నా మొదటి ఏడాదంతా మౌస్‌తోనే గడిచింది.

మొదటి బొట్టు మొదటి నుంచి చివరిదాకా ఎట్లా చేయల్ల?

స్టూడియో తెరిచి, క్యాస్ విభాగంలో కొత్త విడి వస్తువు చేసే ఎంపిక తీసుకోండి. ఓవర్‌రైడ్ తీసుకుంటే గేమ్‌లోని పాత వస్తువు మీదనే మీది కూర్చుంటుంది, అది వద్దు. తర్వాత వచ్చే జాబితాలో బేస్ గేమ్‌లోని ఒక ఫేస్ పెయింట్ ఎంచుకోండి. ప్యాక్‌లోది వద్దు, అందరి దగ్గరా బేస్ గేమ్ ఒక్కటే ఖాయంగా ఉంటుంది. ఫైల్‌కి పేరు పెట్టి సేవ్ చేయండి.

ఇప్పుడు టెక్స్‌చర్‌ను, అంటే ఒంటి మీద పరిచే బొమ్మను, ఎక్స్‌పోర్ట్ చేస్తే 1024 వెడల్పు, 2048 ఎత్తు ఉన్న బొమ్మ వస్తుంది. అది మనిషి ఒళ్లంతటిదీ, అందులో ముఖం ఒక చిన్న భాగం. పాత ఫేస్ పెయింట్ గీతలు ఎక్కడ పడ్డాయో చూస్తే నుదురు తెలుస్తుంది. కొలత మార్చకుండా, కొత్త పొర మీద కనుబొమల మధ్య ఒక చుక్క పెట్టండి. పాత గీతలు చెరిపేయండి. వెనుక పారదర్శకంగా ఉంచి పీఎన్‌జీగా సేవ్ చేసి, స్టూడియోలో ఇంపోర్ట్ చేయండి.

మొదటిసారి చుక్క సరిగ్గా మధ్యలో పడదు. గేమ్ తెరిచి చూడటం, మూయడం, నాలుగు పిక్సెళ్లు జరపడం, మళ్లీ తెరవడం. నా మొదటి బొట్టు కుదిరేసరికి పదకొండు సార్లు తెరిచాను. స్టూడియోలోనే సిమ్ బొమ్మ కనిపిస్తుంది, సగం సవరణలు అక్కడే చేసుకుంటే ఈ తిప్పలు తగ్గుతాయి.

కుంకుమ రంగు ఊహించి పెట్టకండి. మా ఇంట్లో భరిణెలోంచి చిటికెడు కుంకుమ తీసి తెల్లకాగితం మీద వేలితో అద్ది, పొద్దున పది గంటల వెలుగులో కిటికీ దగ్గర ఫోన్‌తో ఫోటో తీశాను. ఆ ఫోటో చూశాకే తెలిసింది, కుంకుమ బొట్టు అంచు గీత గీసినట్టు ఉండదు. మధ్యలో చిక్కగా, చుట్టూ పొడి రాలినట్టు చిన్న చిన్న రేణువులుగా ఉంటుంది. ఆ రేణువులు పెట్టగానే బొట్టుకు ప్రాణం వచ్చింది. స్టిక్కర్ బొట్టుకైతే అంచు కచ్చితంగా ఉండాలి, మెరూన్ మఖమల్ గుడ్డలా మెరుపు లేకుండా.

చివరగా స్టూడియోలో వయసులు, ఆడా మగా టిక్‌లు సరిచూసి, స్వాచ్ (క్యాస్‌లో రంగు ఎంచుకునే చిన్న గడి) రంగు పెట్టి, ర్యాండమ్ అనుమతి టిక్ తీసేసి సేవ్ చేయండి. ఫైల్‌ను డాక్యుమెంట్స్ కింద ద సిమ్స్ 4లోని మోడ్స్‌లో పెడితే పని అయినట్టే.

కాటుక పెడితే ఐలైనర్ లాగా ఉంది, కాటుక లాగా లేదు.

ఐలైనర్ పైరెప్ప మీద గీత. కాటుక కింది రెప్ప లోపలి అంచున ఉంటుంది, గంట గడిచేసరికి కొద్దిగా కిందికి పాకుతుంది. ఈ తేడా బొమ్మలో రావాలి.

మా అవ్వ కాటుక పట్టేది. గుంటగలగరాకు రసంలో తడిపి ఆరబెట్టిన గుడ్డతో వత్తి చేసి, ఆముదం దీపం వెలిగించి, పైన రాగి పళ్లెం బోర్లించేది. తెల్లారేసరికి పళ్లెం అడుగున మసి పేరుకునేది. దాన్ని గీకి చుక్క ఆముదంతో రంగరించి కాటుక కాయలోకి ఎత్తేది. ఆ కాటుక నలుపు పూర్తి నలుపు కాదు. వేలి మీద సాగదీస్తే గోధుమ ఛాయ కనిపిస్తుంది. అందుకే నేను సున్నా సున్నా సున్నా నలుపు వాడను, 28, 20, 18 వాడతాను.

పద్ధతి ఇది. కింది అంచున చిక్కటి సన్న గీత ఒక పొర. దాని కింద అదే రంగు పాతిక శాతం గాఢతతో, మసకగా, బయటి కొనవైపు కాస్త ఎక్కువగా ఇంకో పొర. ఒక కన్ను గీశాక ఆ పొరను అటూ ఇటూ తిప్పి రెండో కంటికి వాడుకోవచ్చు. సుర్మా అడిగినవాళ్లకు మసక పొర వద్దు, లోపలి గీత ఒక్కటే చాలు, రంగు కొద్దిగా ఉక్కు బూడిద వైపు. మగవాళ్లకూ టిక్ పెట్టడం మరవకండి. కడపలో, కర్నూలులో పండగ పూట సుర్మా పెట్టుకునే మగవాళ్లు ఎందరో ఉన్నారు.

నామం, విభూతి గీసేటప్పుడు ఏం చూసుకోవాలి?

విభూతి మూడు అడ్డరేఖలు. నుదురు వంపు తిరిగి ఉంటుంది కాబట్టి బొమ్మలో సూటిగా గీసిన గీత గేమ్‌లో వంగి కనిపిస్తుంది. కొనలను కొద్దిగా ఎదురు దిక్కుకు వంచితే సరిపోతుంది. తెలుపు పూర్తి గాఢతతో పెట్టకండి, వేళ్ల జాడ పోతుంది. మూడు వేళ్లతో లాగినప్పుడు మధ్యమధ్య చర్మం కనిపించాలి.

వైష్ణవుల్లో వడగలై, తెంగలై అని రెండు శాఖలు, వాటి నామాల్లో తేడా తెలుసుకుని గీయండి. వడగలై నామం కింద గుండ్రంగా కలుస్తుంది, తెంగలై నామానికి ముక్కు మీదికి దిగే పాదం ఉంటుంది. అహోబిల మఠం వడగలై సంప్రదాయానిది. అహోబిలం అర్చకుడని సిమ్ చేసి తెంగలై నామం పెడితే తెలిసినవాళ్ల మనసు నొచ్చుకుంటుంది.

పెళ్లికూతురి ముఖం పూర్తిగా చేయాలి. ఏది ఏ విభాగంలో?

మా పిన్ని కూతురి పెళ్లికి ఆమె సిమ్‌ను చేసి బహుమతిగా ఇచ్చినప్పుడు నేను పంచుకున్న తీరు చెబుతాను. ముఖానికి పసుపు ఛాయ బ్లష్‌లో, ఇరవై శాతానికి మించకుండా. అంతకన్నా పెంచితే కామెర్లు వచ్చినట్టు ఉంటుంది. కల్యాణ తిలకం ఫేస్ పెయింట్‌లో. బుగ్గచుక్క చెంప పుట్టుమచ్చ విభాగంలో. కాటుక ఐలైనర్‌లో. చేతుల గోరింటాకు పచ్చబొట్లలో. పాదాల పారాణి సాక్స్ విభాగంలో పెట్టాను, చెప్పులు విప్పితేనే కనిపిస్తుంది. బాసికం మేకప్‌తో కుదరదు, అది టోపీలా మెష్ (త్రీడీ ఆకారం) చేయాల్సిన వస్తువు.

బొట్టు చుట్టూ తెల్లటి గీత వస్తోంది.

పారదర్శకంగా ఉన్న పిక్సెళ్లకు కూడా లోపల ఒక రంగు ఉంటుంది. అది తెలుపైతే అంచుల్లో బయటికి తొంగి చూస్తుంది. బొట్టు రంగునే చుట్టూ నింపి, పారదర్శకతతో మాత్రమే ఆకారం కోయండి. గింప్‌లో పీఎన్‌జీ ఎక్స్‌పోర్ట్ చేసేటప్పుడు పారదర్శక పిక్సెళ్ల రంగును కూడా సేవ్ చేసే టిక్ ఉంచండి.

ముఖమంతా నల్లగా కప్పేసింది!

పారదర్శకత పోయింది. జేపీజీగా సేవ్ చేసి ఉంటారు, లేదా వెనుక పొర దాచడం మరిచి ఉంటారు. పీఎన్‌జీగా మళ్లీ చేయండి.

మన వైపు నుంచి కొత్త మేకప్ ఆలోచనలు ఎక్కడ దొరుకుతాయి?

లేపాక్షి వెళ్లి వీరభద్రస్వామి గుడి పైకప్పు చూడండి. పదహారో శతాబ్దం నాటి విజయనగర చిత్రాలు. పక్కకు తిరిగిన ముఖాల్లో పొడవాటి కళ్లు, వాటి గీత చెవి వైపు సాగుతుంది. ఆ ఎర్రమట్టి, గోధుమ, నలుపు, తెలుపు రంగులనే నేను ఒక ఐషాడోకి వాడాను, మన చర్మం మీద అవి ఒక్కటీ బూడిదవలేదు. ధర్మవరం దగ్గర నిమ్మలకుంటలో తోలుబొమ్మలు చేసేవాళ్లున్నారు. ఆ బొమ్మల కళ్లకు మందపాటి నల్ల అంచు, చుట్టూ ఎరుపు. నాటకాల సిమ్‌కి అంతకన్నా మంచి నమూనా నాకు దొరకలేదు.

## తేడా వచ్చినప్పుడు

అప్‌డేట్ తర్వాత మేకప్ అంతా పాయ. ఫైళ్లు పోయినాయా?

పోలేదు. అప్‌డేట్ వచ్చిన ప్రతిసారీ గేమ్ తనంతట తానే సీసీని ఆపేస్తుంది. గేమ్ ఆప్షన్స్‌లోని అదర్ విభాగంలో కస్టమ్ కంటెంట్ టిక్ మళ్లీ పెట్టి, గేమ్ మూసి తెరవండి. అప్పటికీ పాత బొమ్మలే కనిపిస్తుంటే ద సిమ్స్ 4 ఫోల్డర్‌లోని లోకల్‌థంబ్‌క్యాష్ అనే ఫైల్ తీసేయండి. అది మళ్లీ దానంతట అదే ఏర్పడుతుంది.

ఒక్క హెచ్చరిక. టిక్ పోయి ఉన్నప్పుడు ఇంటిని తెరిచి సేవ్ చేస్తే సిమ్‌ల మేకప్ ఆ సేవ్‌లోంచి పోతుంది. నా పెళ్లికూతురికి అదే జరిగింది, అన్నీ మళ్లీ పెట్టాను. అప్‌డేట్ రోజు ముందు టిక్ చూడండి, తర్వాతే ఇల్లు తెరవండి.

ఏదో ఒక ఫైల్ పాడైంది. ఏదో ఎట్లా కనుక్కోవాలి?

సగం సగం పద్ధతి. మోడ్స్‌లోంచి సగం ఫైళ్లు డెస్క్‌టాప్ మీదికి తీయండి. గేమ్ తెరవండి. తేడా అట్లే ఉంటే దొంగ లోపలి సగంలో ఉంది, లేకపోతే బయట సగంలో. ఆ సగాన్ని మళ్లీ రెండు చేయండి. 200 ఫైళ్లున్నా ఎనిమిది సార్లలో తేలిపోతుంది. ప్రతిసారీ లోకల్‌థంబ్‌క్యాష్ కూడా తీసేయండి.

నచ్చని మేకప్ తీసేస్తే సేవ్ పాడవుతుందా?

కాదు. ఆ సిమ్ ముఖం మీద ఆ మేకప్ ఉండదు, అంతే. ఇల్లు, ఉద్యోగం, బంధుత్వాలు అట్లే ఉంటాయి. అయినా పెద్ద మార్పుకు ముందు సేవ్స్ ఫోల్డర్‌ను వేరేచోట కాపీ చేసుకోండి.

ఊళ్లో తిరిగే సిమ్‌లందరూ నా కల్యాణ తిలకం పెట్టుకుని వస్తున్నారు.

ర్యాండమ్ అనుమతి టిక్ తీయలేదన్నమాట. గేమ్ కొత్త మనుషులను పుట్టించేటప్పుడు ఆ టిక్ ఉన్న వస్తువులన్నిటినీ వాడుకుంటుంది. స్టూడియోలో ఫైల్ తెరిచి ప్రతి స్వాచ్‌కీ ఆ టిక్ తీసి సేవ్ చేయండి. ఇప్పటికే తిలకంతో తిరుగుతున్నవాళ్లను మాత్రం క్యాస్‌లో ఒక్కొక్కరినీ మార్చాల్సిందే.

## నలుగురికీ పంచడం

గ్యాలరీలో పెడితే స్నేహితురాలికి బొట్టు రాలేదు.

ఆడేవాళ్లు తమ సిమ్‌లను పంచుకునే గ్యాలరీ సిమ్‌ను తీసుకెళ్తుంది, సీసీ ఫైళ్లను తీసుకెళ్లదు. ట్రే ఇంపోర్టర్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో మీ ఇంటిని తెరిస్తే ఏయే సీసీ వాడారో చూపిస్తుంది. ట్రే ఫైళ్లూ (ఆ ఇంటినీ సిమ్‌లనూ దాచుకున్న ఫైళ్లు) మీరు చేసిన ప్యాకేజ్‌లూ కలిపి జిప్ చేసి పంపండి. వేరేవాళ్లు చేసినవాటికి మాత్రం వాళ్ల పేజీ లింకు ఇవ్వండి.

నా మేకప్ అమ్ముకోవచ్చా? చీటీ డబ్బుల్లా నెలనెలా తీసుకోవచ్చా?

ఈఏ నియమం ప్రకారం సీసీ చివరికి అందరికీ ఉచితంగా దొరకాలి, శాశ్వతంగా డబ్బు వెనుక దాచకూడదు. ఇష్టపడి ఇచ్చే విరాళం తీసుకోవచ్చు. మద్దతు ఇచ్చేవాళ్లకు కొన్నాళ్లు ముందుగా ఇచ్చి, తర్వాత అందరికీ వదిలే పద్ధతి చాలామంది పాటిస్తున్నారు.

వేరేవాళ్ల లిప్‌స్టిక్‌కి మన రంగులు వేసి పెట్టొచ్చా?

వాళ్ల పేజీలో వాడుక నియమాలు ఉంటాయి, ముందు అవి చదవండి. రంగులు మార్చుకోనిచ్చేవాళ్లు ఉన్నారు, వద్దనేవాళ్లూ ఉన్నారు. రాసి ఉండకపోతే అడగండి. నేను ఒకసారి ఒక విదేశీ తయారీదారుకు, మీ లిప్‌స్టిక్ మా చర్మం మీద ఇలా కనిపిస్తోందని రెండు ఫోటోలు జతచేసి రాశాను. వారంలో జవాబు వచ్చింది. అనుమతితో పాటు అసలు బొమ్మ పొరలు కూడా పంపారు, నేరేడు రంగులు ఆరు వేసి పెట్టాను. మీరు రాసేటప్పుడు కూడా ఫోటోలు జతచేయండి.